డజంట్ ఎక్కడ, డోంట్ ఎక్కడ? పిల్లలకు ఇంట్లోనే నేర్పే చిట్కాలు

ఇంగ్లీషు మీడియం పిల్లల హోంవర్కు పుస్తకం తెరవండి. 'మై సిస్టర్ డోంట్ లైక్ మిల్క్' లాంటి వాక్యం ఎక్కడో ఒకచోట కనిపిస్తుంది. దాని చుట్టూ ఎర్ర సిరాతో సున్నా ఉంటుంది. పిల్ల ఏం చెప్పాలనుకుందో మనకు తెలుస్తూనే ఉంది, కానీ డోంట్ ఉన్నచోట డజంట్ రావాలి.

ఇది పిల్లల నిర్లక్ష్యం కాదు. తెలుగులో లేదు, కాదు అనే మాటలు కొన్నిచోట్ల మనిషిని బట్టి మారతాయి, కొన్నిచోట్ల అసలు మారవు. మారని చోట్లలోనే మన పిల్లలు ఇంగ్లీషులో తడబడతారు. ఆ చోట్లేవో అమ్మానాన్నలకి, తాతయ్య అమ్మమ్మలకి తెలిస్తే ట్యూషన్ అవసరం లేకుండానే చాలా తప్పులు పోతాయి. ఇంట్లో రోజూ వాడే మాటలే ఉదాహరణలుగా తీసుకుని ఒక్కొక్కటే చూద్దాం.

1. నాలుగు జతలు నోటికి రావాలి.
కర్తను బట్టి మారే పొట్టి మాటలు ఇంగ్లీషులో నాలుగు జతలే: ఈజంట్–ఆరంట్, వాజంట్–వరంట్, డజంట్–డోంట్, హ్యాజంట్–హ్యావంట్. జతలో మొదటిది ఒక్కరికి లేదా ఒక్కదానికి. రెండోది ఎక్కువమందికి, ఎక్కువవాటికి. 'ది బస్ ఈజంట్ హియర్' అంటే ఒక బస్సు రాలేదు. 'ది బసెస్ ఆరంట్ హియర్' అంటే బస్సులేవీ రాలేదు. పిల్లలకు ఒక గుర్తు చెప్పండి: ఈజ్, వాజ్, డజ్, హ్యాజ్, ఈ నాలుగూ ఎస్ అక్షరంతో ముగుస్తాయి. ఆర్, వర్, డు, హ్యావ్‌లలో ఆ ఎస్ లేదు. ఒక్కరైతే ఎస్ ఉన్న మాట, ఎక్కువమందైతే ఎస్ లేని మాట. నామవాచకాల్లో ఎస్ చేరితే బహువచనం కాబట్టి పిల్లలు ఇక్కడ తికమకపడతారు. క్రియ దగ్గర లెక్క తిరగబడుతుందని మొదటిరోజే చెప్పేయండి.

2. మారని మాటలను వేరుగా రాయించండి.
డిడంట్, హ్యాడంట్, కాంట్, కుడంట్, వోంట్, వుడంట్, షుడంట్, మస్టంట్. ఇవి ఎవరికైనా ఒకటే. 'హి డిడంట్ కమ్', 'దే డిడంట్ కమ్'. తెలుగులో 'రాలేదు' కూడా అచ్చం ఇలాగే ఉంటుంది: నేను రాలేదు, వాడు రాలేదు, వాళ్ళు రాలేదు. నిన్న జరిగిన సంగతి డిడంట్‌తో చెప్పేటప్పుడు మన పిల్లలు ఏకవచనం దగ్గర తప్పు చేయకపోవడానికి కారణం ఇదే. అందుకే ఈ జాబితా మీద ఎక్కువసేపు పెట్టకండి. ఒకసారి రాయించి, మిగిలిన సమయం ఆ నాలుగు జతలకే ఇవ్వండి.

3. తెలుగు ఇంతకంటే కష్టమని గుర్తుచేయండి.
పిల్లలు బెదిరితే ఈ మాట చెప్పండి. నేను వెళ్ళను, నువ్వు వెళ్ళవు, వాడు వెళ్ళడు, ఆమె వెళ్ళదు, మేం వెళ్ళం, వాళ్ళు వెళ్ళరు. ఒక్క 'వెళ్ళకపోవడానికి' తెలుగులో ఆరు రూపాలు. బడికి వెళ్ళకముందే పిల్లలు వీటిని తప్పు లేకుండా పలుకుతారు. ఆరింటిని ఆడుతూ పాడుతూ నేర్చినవాళ్ళకి డజంట్, డోంట్ అనే రెండు రూపాలు ఏమంత బరువు? ఆ ధైర్యం ముందు కలగాలి.

4. ఐ, యు ఇద్దరినీ విడిగా పరిచయం చేయండి.
'యు' ఎదురుగా ఉన్నది ఒక్కరైనా సరే, బహువచనం మాటే తీసుకుంటుంది: యు ఆరంట్, యు వరంట్, యు డోంట్, యు హ్యావంట్. చంటిపిల్లకి చెప్పినా, ప్రిన్సిపాల్‌కి చెప్పినా ఇంతే. 'యు వాజంట్' అనేది బడిలో దిద్దే తప్పు. 'ఐ' మాత్రం రెండు పడవల మీదా కాలు పెడుతుంది: ఐ డోంట్, ఐ హ్యావంట్ బహువచనం వైపు, ఐ వాజంట్ ఏకవచనం వైపు. ఇక ఐకి, ఆమ్‌కి కలిపి నాట్‌ని కుదించే మాట ప్రామాణిక ఇంగ్లీషులో లేదు. 'ఐ యామ్ నాట్' అనాలి, లేదంటే 'ఐమ్ నాట్' అనాలి. స్కాట్లాండ్, ఐర్లాండ్‌లలో 'యామంట్' అంటారు గానీ మన బడి ఇంగ్లీషులో అది చెల్లదు.

5. వాక్యంలో ఎస్ ఒక్కచోటే.
'షి గోస్ టు స్కూల్' అన్న వాక్యాన్ని కాదనాలంటే పిల్లలు 'షి డజంట్ గోస్' అని రాస్తారు. గోస్‌లో ఉన్న ఎస్ డజ్‌లోకి వెళ్ళిపోయింది, క్రియ దగ్గర మళ్ళీ మిగలకూడదు. 'షి డజంట్ గో'. అలాగే 'హి హ్యాజ్ ఎ సైకిల్' అన్నది 'హి డజంట్ హ్యావ్ ఎ సైకిల్' అవుతుంది, 'డజంట్ హ్యాజ్' కాదు. నిన్నటి సంగతికీ ఇదే సూత్రం: 'షి వెంట్' అన్నది 'షి డిడంట్ గో' అవుతుంది. భూతకాలం డిడ్ తీసేసుకుంది కాబట్టి గో మామూలు రూపానికి వచ్చేసింది. పిల్లవాడి చేత ముందు కాదనని వాక్యం, దాని కింద కాదనే వాక్యం రాయించి, ఎస్ ఎక్కడినుంచి ఎక్కడికి పోయిందో పెన్సిల్‌తో బాణం గీయించండి. కంటికి కనబడ్డ సూత్రం త్వరగా పట్టుబడుతుంది.

6. 'నాకు తెలియదు' కుటుంబాన్ని జాగ్రత్తగా చూడండి.
తప్పులకు అసలు పుట్టినిల్లు ఇది. నాకు తెలియదు, వాడికి తెలియదు, అమ్మకు తెలియదు, వాళ్ళకి తెలియదు. మనిషి మారినా 'తెలియదు' మారలేదు. ఎందుకంటే తెలుగులో ఇక్కడ మనిషి కర్తగా రాడు, 'కి', 'కు' తగిలించుకుని పక్కకు తప్పుకుంటాడు. ఇంగ్లీషులో మనిషే కర్త. ఐ డోంట్ నో, హి డజంట్ నో, మదర్ డజంట్ నో, దే డోంట్ నో. పిల్లవాడి బుర్రలో ఒకే 'తెలియదు' ఉంది కాబట్టి, ముందుగా నేర్చిన 'డోంట్ నో' అందరికీ అతికించేస్తాడు.

ఈ కుటుంబం పెద్దది: ఇష్టం లేదు, అర్థం కాదు, గుర్తు లేదు, అక్కర్లేదు, నమ్మకం లేదు, ఈత రాదు, తీరిక లేదు. రోజూ ఎక్కువగా వాడేవి ఇవే. లైక్, అండర్‌స్టాండ్, రిమెంబర్, నీడ్, వాంట్, నో, హ్యావ్ అనే క్రియలు వచ్చినప్పుడల్లా పిల్లల్ని ఆపి, 'తెలుగులో కి, కు తగిలిన మనిషెవరు?' అని అడగండి. ఆ మనిషి ఒక్కరైతే డజంట్. ఐ, యు అయినా, ఎక్కువమంది అయినా డోంట్. ఈ ఒక్క ప్రశ్న అలవాటైతే సగం తప్పులు పోతాయి.

7. కాకరకాయల వాక్యంతో పరీక్ష పెట్టండి.
'మా తమ్ముడికి కాకరకాయలు నచ్చవు' అన్న వాక్యాన్ని పిల్లలకిచ్చి ఇంగ్లీషులో చెప్పమనండి. ఇక్కడ రెట్టింపు చిక్కుంది. తెలుగులో 'నచ్చవు' అన్న బహువచనం కాకరకాయల కోసం వచ్చింది. ఒక్క కాకరకాయే అయితే 'నచ్చదు' అంటాం. ఇంగ్లీషులోకి వచ్చేసరికి కర్త తమ్ముడు. కాకరకాయలు ఎన్నున్నా క్రియకు సంబంధం లేదు. 'మై బ్రదర్ డజంట్ లైక్ బిటర్ గోర్డ్స్'. ఇప్పుడు తిప్పి అడగండి: 'మా తమ్ముళ్ళకి కాకరకాయ నచ్చదు'. తెలుగులో ఏకవచనం, ఇంగ్లీషులో 'మై బ్రదర్స్ డోంట్ లైక్ బిటర్ గోర్డ్'. ఈ రెండూ సరిగ్గా చెప్పిన పిల్లలకు సూత్రం వంటబట్టినట్టే.

'సరిపడదు' మాత్రం వేరు. 'అమ్మకు మామిడిపళ్ళు సరిపడవు' అంటే 'మ్యాంగోస్ డోంట్ సూట్ మై మదర్'. ఇక్కడ ఇంగ్లీషులోనూ పళ్ళే కర్త. రెండు రకాలూ పక్కపక్కన పెట్టి చూపిస్తే తేడా తెలుస్తుంది.

8. హి, షి, ఇట్, దే వేసి చూడమనండి.
కర్త పొడుగ్గా ఉంటే పిల్లలు దారి తప్పుతారు. 'పక్కింటి ఆంటీ వాళ్ళ పెద్దబ్బాయి' అనే కర్త ఎంత పొడుగున్నా అతను 'హి'. 'మా మేడ మీద కుండీల్లోని మొక్కలు' అంటే 'దే'. కర్త మొత్తాన్ని వేలితో మూసి, దాని బదులు ఒక్క మాట పెట్టమనండి. హి, షి, ఇట్ కుదిరితే ఎస్ ఉన్న మాట. వి, దే కుదిరితే ఎస్ లేని మాట. పరీక్ష హాల్లో కూడా సెకనులో చేసుకోదగ్గ పని ఇది.

9. గౌరవాన్ని క్రియలోకి తీసుకుపోవద్దు.
ఫోన్ మోగింది, నాన్నగారి కోసం. 'నాన్నగారు ఇంట్లో లేరండీ' అంటాం. ఒక్కరే అయినా 'లేరు' అంటాం, అది మన మర్యాద. అదే మర్యాదతో ఇంగ్లీషులో 'మై ఫాదర్ ఆరంట్ ఎట్ హోమ్' అంటే తప్పు. 'మై ఫాదర్ ఈజంట్ ఎట్ హోమ్' అనాలి. తాతగారు తినరు, 'గ్రాండ్‌ఫాదర్ డజంట్ ఈట్'. మేడమ్ రాలేదు, 'మేడమ్ హ్యాజంట్ కమ్'. పెద్దవాళ్ళని 'డజంట్' అంటే చిన్నబుచ్చినట్టు ఉంటుందని కొందరు పిల్లలు మొహమాటపడతారు. ఇంగ్లీషులో మర్యాద సర్, ప్లీజ్ లాంటి మాటల్లో, గొంతులో ఉంటుంది. క్రియ మాత్రం తలలు లెక్కపెడుతుంది. ఈ సంగతి పిల్లలకు నెమ్మదిగా విడమరచి చెప్పాలి.

10. నీళ్ళు, పాలు, బియ్యం: తెలుగులో చాలా, ఇంగ్లీషులో ఒకటి.
నీళ్ళు రావడం లేదు, పాలు విరగలేదు, బియ్యం అయిపోయాయి. నీళ్ళు, పాలు, బియ్యం మనకు బహువచనాలు. ఇంగ్లీషులో వాటర్, మిల్క్, రైస్ లెక్కపెట్టలేని పదార్థాలు, కాబట్టి ఎప్పుడూ ఏకవచనమే. 'ది వాటర్ ఈజంట్ హాట్', 'ది మిల్క్ ఈజంట్ ఫ్రెష్', 'ది రైస్ ఈజంట్ కుక్డ్'. వెంట్రుకలు కూడా అంతే: తలమీద ఉన్న జుట్టు మొత్తానికి 'హెయిర్ ఈజంట్'. లెక్కపెట్టాలంటే గిన్నె, గ్లాసు, ప్యాకెట్ తోడు కావాలి. రెండు పాల ప్యాకెట్లు రాలేదంటే 'టూ ప్యాకెట్స్ ఆఫ్ మిల్క్ హ్యావంట్ కమ్'. అక్కడ కర్త ప్యాకెట్లు, పాలు కాదు.

11. కత్తెర, ప్యాంటు, కళ్ళజోడు: తెలుగులో ఒకటి, ఇంగ్లీషులో రెండు.
ఇది పైదానికి తిరగేసిన చిట్కా. రెండు పాయలు కలిసిన వస్తువుల్ని ఇంగ్లీషు బహువచనంగా చూస్తుంది. కత్తెర పదునుగా లేదంటే 'ది సిజర్స్ ఆరంట్ షార్ప్'. ప్యాంటు ఆరలేదంటే 'ది ప్యాంట్స్ ఆరంట్ డ్రై'. తాతగారి కళ్ళజోడు బల్లమీద లేదంటే 'గ్రాండ్‌ఫాదర్స్ గ్లాసెస్ ఆరంట్ ఆన్ ది టేబుల్'. జీన్స్, షార్ట్స్, పైజమాస్ కూడా ఈ వరసలోవే. 'ఎ పెయిర్ ఆఫ్' ముందు చేరితే మాత్రం ఏకవచనం అయిపోతుంది: 'దిస్ పెయిర్ ఆఫ్ సిజర్స్ ఈజంట్ షార్ప్'. ఇంట్లో ఉన్న ఇలాంటి వస్తువుల్ని పిల్లల చేతే ఏరించండి, బీరువా తెరిస్తే బోలెడు దొరుకుతాయి.

12. చివరి ఎస్‌ని నమ్మకండి.
న్యూస్, మ్యాథమెటిక్స్, ఫిజిక్స్, మీజిల్స్. ఎస్‌తో ముగిసినా ఇవి ఏకవచనాలు. 'మ్యాథ్స్ ఈజంట్ డిఫికల్ట్', 'ది న్యూస్ ఈజంట్ గుడ్'. పీపుల్, చిల్డ్రన్, మెన్, విమెన్, టీత్, పోలీస్‌లకు ఎస్ లేదు గానీ ఇవి బహువచనాలు. 'ది చిల్డ్రన్ హ్యావంట్ ఈటెన్', 'ది పోలీస్ హ్యావంట్ కమ్'. ఫర్నిచర్, లగేజ్, ఇన్ఫర్మేషన్, అడ్వైస్ ఎంత పోగైనా ఏకవచనమే. నాలుగు సూట్‌కేసులున్నా 'ది లగేజ్ హ్యాజంట్ కమ్'.

టీవీలో క్రికెట్ వ్యాఖ్యానం వినే పిల్లలకు ఒక సందేహం వస్తుంది. అక్కడ 'ఇండియా హ్యావంట్ లాస్ట్ ఎ వికెట్' అంటారు. బ్రిటిష్ పద్ధతిలో జట్టును ఆటగాళ్ళ గుంపుగా చూస్తారు కాబట్టి బహువచనం వాడతారు. అమెరికా పద్ధతిలో జట్టు ఒక్కటే, కాబట్టి ఏకవచనం ఎక్కువ. రెండూ ఒప్పే. ఒక వ్యాసంలో ఒకే పద్ధతి పాటిస్తే చాలు.

13. లేదు–లేవు తేడా ఇక్కడ అక్కరకొస్తుంది.
వంటింట్లో ఉప్పు లేదు, ఉల్లిపాయలు లేవు. 'దేర్ ఈజంట్ ఎనీ సాల్ట్', 'దేర్ ఆరంట్ ఎనీ ఆనియన్స్'. 'దేర్'తో మొదలయ్యే వాక్యంలో అసలు వస్తువు తర్వాత వస్తుంది కాబట్టి, నోరు తెరిచేముందే దాని గురించి ఆలోచించుకోవాలి. తెలుగు సాయం చేసే చోటు ఇది: లేదు అయితే ఈజంట్, లేవు లేదా లేరు అయితే ఆరంట్. మాట్లాడేటప్పుడు మనం ఒక్కోసారి 'ఉల్లిపాయలు లేదు' అనేస్తాం. పిల్లల ముందు 'లేవు' అని పలకడం అలవాటు చేసుకుంటే తెలుగూ నిలబడుతుంది, ఇంగ్లీషూ కుదురుతుంది. నీళ్ళు, పాలు, కత్తెరల్లాంటి మినహాయింపులు మాత్రం పైన చెప్పినట్టే.

14. అందరూ, ఎవరూ దగ్గర ఆగండి.
ఎవ్రీవన్, ఎవ్రీబడీ, ఈచ్, సమ్‌వన్ అర్థానికి ఎందరైనా వ్యాకరణానికి ఒక్కరే. 'ఎవ్రీవన్ ఈజంట్ రెడీ' అనాలి. ఇంకా స్పష్టంగా కావాలంటే 'నాట్ ఎవ్రీవన్ ఈజ్ రెడీ' అనాలి.

'ఎవరూ రాలేదు' మరో చిక్కు. తెలుగులో కాదనడం క్రియలో ఉంది. దాన్ని మాటకు మాట మార్చి పిల్లలు 'ఎనీబడీ డిడంట్ కమ్' అంటారు, లేదా 'నోబడీ డిడంట్ కమ్' అంటారు. రెండూ కుదరవు. నోబడీలోనే లేదనడం ఉంది కాబట్టి క్రియలో మళ్ళీ అక్కర్లేదు: 'నోబడీ కేమ్'. 'ఏమీ లేదు' కూడా ఇంతే: 'దేర్ ఈజ్ నథింగ్' అనొచ్చు, లేదా 'దేర్ ఈజంట్ ఎనీథింగ్' అనొచ్చు. ఒక వాక్యంలో ఒక్క 'కాదు' చాలు.

15. మధ్యలో దూరిన మాటలకు మోసపోవద్దు.
'వన్ ఆఫ్ మై ఫ్రెండ్స్ డజంట్ ఈట్ ఎగ్స్'. ఫ్రెండ్స్ పక్కనే ఉన్నా కర్త 'వన్'. 'ది బాక్స్ ఆఫ్ మ్యాంగోస్ హ్యాజంట్ కమ్'. మామిడిపళ్ళు ఎన్నున్నా రావాల్సింది పెట్టె. రెండు పేర్లను 'అండ్' కలిపితే బహువచనం: 'అమ్మ అండ్ నాన్న ఆరంట్ ఎట్ హోమ్'. 'ఆర్' కలిపితే క్రియకు దగ్గరగా ఉన్నదాన్ని చూడాలి. పిల్లల స్థాయికి ఇంతవరకు సరిపోతుంది.

16. 'కదా'కి ఒకే మాట లేదు.
తెలుగులో ఎవరికైనా 'కదా' ఒక్కటే. వస్తున్నావు కదా, వాళ్ళు తిన్నారు కదా. అందుకే మనదేశంలో 'ఈజంట్ ఇట్' అన్నదాన్ని అన్నిటికీ చివర తగిలిస్తారు. మన సంభాషణల్లో అది నడిచిపోతుంది గానీ పరీక్షలో, విదేశాల్లో ఉద్యోగాల దగ్గర క్రియను బట్టి మార్చాలి. 'యు ఆర్ కమింగ్, ఆరంట్ యు?' 'షి నోస్ తెలుగు, డజంట్ షి?' 'దే హ్యావ్ ఈటెన్, హ్యావంట్ దే?' ముందు వాక్యంలో అవుననడం ఉంటే చివర్న కాదనడం వస్తుంది. ముందు కాదనడం ఉంటే చివర్న అవుననడం: 'హి డజంట్ స్మోక్, డజ్ హి?'

రెండు వింతలు గుర్తుంచుకోవాలి. 'ఐ యామ్ లేట్' చివర 'ఆరంట్ ఐ?' వస్తుంది, ఐకి ఆరంట్ చేరేది ఇలాంటి ప్రశ్నల్లోనే. 'ఎవ్రీవన్ నోస్' చివర 'డోంట్ దే?' వస్తుంది, ఎవ్రీవన్ అక్కడ గుంపుగా మారిపోతుంది.

17. కాదంటూ అడిగే ప్రశ్నకు జవాబు.
'అన్నం తినలేదా?' అంటే 'ఆఁ, తినలేదు' అంటాం. ఎదుటివాళ్ళ మాట నిజమని ఒప్పుకుంటున్నాం. 'డిడంట్ యు ఈట్?' అన్నదానికి ఇదే పద్ధతిలో 'యెస్' అంటే తిన్నామని అర్థం చేసుకుంటారు. తినకపోతే 'నో, ఐ డిడంట్'. తింటే 'యెస్, ఐ డిడ్'. ఇంగ్లీషులో నో పక్కన కాదనే మాటే ఉంటుంది, యెస్ పక్కన అవుననే మాటే ఉంటుంది. విదేశాల్లో డాక్టరు దగ్గర, ఇమిగ్రేషన్ కౌంటర్ దగ్గర ఇది చాలా అవసరం. అక్కడికి కొడుకు దగ్గరికో, కూతురి దగ్గరికో వెళ్ళే పెద్దవాళ్ళు కూడా ఒంటి మాటతో సరిపెట్టకుండా పూర్తి జవాబు చెప్పడం మేలు.

18. అపాస్ట్రఫీ ఎక్కడ పెట్టాలి.
నాట్‌లోని ఓ అక్షరం ఎక్కడ పోయిందో అక్కడే గుర్తు పడాలి: ఎన్‌కి, టికి మధ్య. పిల్లలు డజ్ అయిపోగానే, ఎన్‌కి ముందే గుర్తు పెట్టేస్తారు. 'డజ్‌లో ఏ అక్షరమూ పోలేదు, ఇంక అక్కడ గుర్తెందుకు?' అని అడగండి, వాళ్ళే దిద్దుకుంటారు. వోంట్ మాత్రం వింతగా కనిపిస్తుంది. విల్‌కి పాతకాలంలో 'వోల్' అనే రూపం ఉండేది, వోంట్ దాన్నుంచి వచ్చింది. ఈ పొట్టి మాటల్ని అప్పట్లో అందరూ మెచ్చలేదు. గలివర్ యాత్రలు రాసిన జోనథన్ స్విఫ్ట్ 1710లో టాట్లర్ అనే పత్రికలో వీటి మీద విరుచుకుపడ్డాడు. అయినా జనం నోట నిలబడి, బడి పుస్తకాల దాకా వచ్చాయి.

19. గట్టిగా చదివించండి.
డజంట్, ఈజంట్‌లలో చివరి 'ట్' వేగంగా మాట్లాడేవాళ్ళ నోట సగం వినిపించీ వినిపించనట్టు ఉంటుంది. కానీ చిన్నపిల్లలు పూర్తిగా పలకడమే మంచిది. ముఖ్యంగా కెన్, కాంట్‌ల తేడా నోట్లో స్పష్టంగా ఉండాలి, లేకపోతే అర్థమే తలకిందులవుతుంది. వోంట్, వాంట్ కూడా అంతే: 'ఐ వోంట్ ఈట్' అంటే తినను, 'ఐ వాంట్ టు ఈట్' అంటే తినాలని ఉంది. మస్టంట్‌లో మధ్యనున్న టి పలకదు, 'మసంట్' అని వినిపిస్తుంది.

20. ఎక్కడ పొట్టిగా, ఎక్కడ పూర్తిగా.
మాటల్లో, స్నేహితులకు రాసే ఉత్తరంలో, కథలోని సంభాషణలో పొట్టి రూపాలు అందంగా ఉంటాయి. హెడ్మాస్టరుకు రాసే సెలవు చీటీ, ఉద్యోగ దరఖాస్తు, బ్యాంకుకు రాసే అర్జీ, ప్రాజెక్టు రిపోర్టుల్లో డజ్ నాట్, ఆర్ నాట్ అని విడదీసి రాయడం పద్ధతి. పొట్టి రూపం రాని పిల్లలకు ఇదో సాయం కూడా. సందేహం వచ్చినప్పుడు మనసులో విడదీసి 'మై సిస్టర్ డు నాట్' అనుకుంటే అది చెవికే తేడాగా తగులుతుంది.

21. పాటల్లో విన్నదానికి తిట్టకండి.
ఇంగ్లీషు పాటల్లో, సినిమాల్లో 'షి డోంట్', 'హి డోంట్', 'ఐంట్' వినిపిస్తాయి. పిల్లలు అవే పట్టుకొచ్చి, 'వాళ్ళు ఇంగ్లీషువాళ్ళే కదా' అని అడుగుతారు. వాళ్ళ ప్రశ్న న్యాయమైనదే. ఇంగ్లండులో ఒకప్పుడు చదువుకున్నవాళ్ళు కూడా 'హి డోంట్' అనేవారు. ఇప్పటికీ ఇంగ్లండు, అమెరికాల్లో ఎన్నో మాండలికాల్లో అది సహజమైన మాట, తప్పు కాదు. మన ఊళ్ళలోనూ ఇంట్లో మాట్లాడే తెలుగు వేరు, పరీక్షలో రాసే తెలుగు వేరు. బడిలో, ఇంటర్వ్యూలో అడిగేది ప్రామాణిక రూపం కాబట్టి అక్కడ 'డజంట్' రాయాలని చెప్పండి. పాటను పాటలాగే పాడుకోనివ్వండి.

22. రోజూ సాయంత్రం ఐదు నిమిషాలు 'లేవు' ఆట.
ఫ్రిజ్ తలుపు తీసి, లేనివాటి పేర్లు చెప్పించండి. 'దేర్ ఆరంట్ ఎనీ ఎగ్స్. దేర్ ఈజంట్ ఎనీ కర్డ్. ది టొమాటోస్ ఆరంట్ రైప్.' తర్వాత ఇంట్లో ఒక్కొక్కరి గురించి తినని వంట ఒకటి, రాని పని ఒకటి చెప్పించండి. 'తాతయ్య డజంట్ డ్రింక్ కాఫీ. అక్క అండ్ అన్న డోంట్ నో హౌ టు స్విమ్. ఐ డోంట్ లైక్ బెండకాయ.' పేర్లు, కూరలు తెలుగులోనే ఉన్నా ఫరవాలేదు, కర్తకీ క్రియకీ లంకె కుదిరిందా లేదా అన్నదే చూడండి. తప్పొస్తే వెంటనే దిద్దేయకుండా 'ఎవరి గురించి చెబుతున్నావు? ఒక్కరా, ఎక్కువమందా?' అని మాత్రం అడగండి. జవాబు వెతుక్కునేది పిల్లలే కావాలి. మీకు ఇంగ్లీషు అంతగా రాకపోయినా ఈ ప్రశ్న తెలుగులోనే అడగొచ్చు. చదువుకోని అమ్మమ్మ కూడా అడగగలిగిన ప్రశ్న ఇది. అందుకే దీన్ని బడికి వదిలేయకుండా ఇంట్లోనే మొదలుపెట్టమని చెబుతున్నాను.